దేవసహాయం గారి ఐదు నిమిషాలు

మా అపార్ట్‌మెంటులో కొత్తగా దిగినవాళ్ళు ఎవరో రోజూ పొద్దున్నే సెల్లార్లో డీజిల్ కారు స్టార్ట్ చేసి అలాగే వదిలేస్తున్నారు. లిఫ్టు తలుపు తెరుచుకోగానే వెచ్చటి పొగ వాసన గుప్పుమంటుంది. కారు కదలదు, గడగడమంటూ నిలబడే ఉంటుంది. మిగతావాళ్ళు ముక్కుకు కొంగో కర్చీఫో అడ్డం పెట్టుకుని వెళ్ళిపోతారు. నేను మాత్రం అక్కడే ఆగి వాచీ చూసుకుంటాను. ఒక నిమిషం, రెండు, మూడు. నాలుగో నిమిషానికి అక్కడ నిలబడలేక రోడ్డు మీదికి వచ్చేస్తాను. పొగ పడక అలా చేస్తున్నానని మా ఆయన అనుకుంటారు. ఆ వాసన వెంట నాకు దేవసహాయం గారు గుర్తొస్తారు, ఆయన వెనకే యాదగిరి గుర్తొస్తాడు, ఆ తరవాత నా మీద నాకే కోపం వస్తుంది.

దేవసహాయం గారిని మీరెవరూ చూసి ఉండరు. రాష్ట్రం ఇంకా ఒకటిగానే ఉన్న రోజులవి. కార్ఖానా అనే పేటలో మెయిన్ రోడ్డు మీద ఒక కార్ల షోరూము, దాని వెనక సర్వీసు షెడ్డు. ఆ షెడ్డుకు ఆయన మేనేజరు. డిగ్రీ అయ్యాక నా మొదటి ఉద్యోగం అక్కడే, ఫిర్యాదులు వినే సీటులో. మల్కాజ్‌గిరి నుంచి కిక్కిరిసిన బస్సులో నలిగి నేను వచ్చేసరికి ఆయన అప్పటికే గేటు దగ్గర నిలబడి, లోపలికొచ్చే ప్రతి కారు శబ్దాన్నీ తల ఒక పక్కకు వంచి వింటూ ఉండేవారు. లాలాగూడ రైల్వే క్వార్టర్లలో పుట్టి పెరిగిన మనిషి. తాతగారు గుంటూరు వైపు నుంచి రైల్వే పనికి వచ్చి ఇక్కడే ఉండిపోయారట. ఈయన ముప్పై ఏళ్ళు రైలు డీజిల్ ఇంజన్లను విప్పి బిగించి, రిటైరయ్యాక వారం రోజులు కూడా ఇంట్లో కూర్చోలేక మా షెడ్డుకు వచ్చారు. తెల్ల చొక్కా జేబులో చిన్న బైబిలు, దాని పక్కనే టైరు గాలి చూసే గేజి. ఆ రెండూ లేకుండా ఆయన్ని నేనెప్పుడూ చూడలేదు.

టర్బో డీజిల్ కార్లు అప్పుడప్పుడే ఊళ్ళో ఎక్కువవుతున్నాయి. ఇంజను వదిలే పొగతోనే ఒక చిన్న చక్రాన్ని తిప్పి, ఆ చక్రంతో ఇంజన్లోకి గాలిని బలంగా కుక్కే ఏర్పాటు అది. కొన్నవాళ్ళు 'టర్బో' అనే మాటను ఇంటిపేరులా చెప్పుకునేవారు. నెల తిరక్కుండా నా ముందుకొచ్చి కూర్చునేవారు. “కాగితం మీద లీటరుకు ఇరవై పైన అన్నారు, నాకు పన్నెండు కూడా రావట్లేదు” అని మొదలుపెట్టి, నేనే వాళ్ళింటికొచ్చి డీజిల్ తాగి వచ్చానేమో అన్నట్టు చూసేవారు. చేరిన వారానికే నాకు విసుగు పుట్టింది. ఆ సంగతి కనిపెట్టారేమో, ఒకరోజు దేవసహాయం గారు నా బల్ల దగ్గరికి వచ్చి నిలబడ్డారు.

“అమ్మాయ్, నీకు డ్రైవింగ్ వచ్చా?”

“స్కూటీ వచ్చండీ.”

“అదీ బండే. లే, ఎక్కు.”

ఒక కస్టమర్ కారులో నన్ను పక్కన కూర్చోబెట్టుకుని తిరుమలగిరి దాకా వెళ్ళి వచ్చారు. పాదం కింద ఏదో పచ్చి గుడ్డు ఉన్నట్టు నడిపారు. ఎదురుగా లారీ వెనక ఎర్ర లైటు వెలిగింది. “నా కాలెక్కడుంది?” అన్నారు. ఆక్సిలరేటరు మీద నుంచి తీసేశారన్నాను. “లైటు వెలిగాక తియ్యలేదమ్మా. అక్కడ సిగ్నల్ దగ్గర బస్సు నిలబడి ఉండటం చూడగానే తీశాను. రైలు నడిపేవాడు స్టేషన్ కనపడేదాకా ఆగడు, వస్తుందని తెలిసినప్పుడే పవర్ తగ్గిస్తాడు. బ్రేకు తొక్కావంటే ఇందాక కాల్చిన డీజిల్ రోడ్డు మీద పారబోసుకున్నట్టే” అన్నారు. టర్బో గురించి అడిగాను. “దీనికో జబ్బుంది, మనిషిని ఊరిస్తుంది. కాస్త తొక్కితే వీపు సీటుకు అతుక్కుంటుంది. జనం ఆ సరదాకోసమే తొక్కుతారు. ఇంజను ఎంత వేగంగా తిరుగుతోందో చూపించే ముల్లు రెండువేలు దాటకముందే గేరు మార్చెయ్యి. టైర్లలో గాలి సరిగ్గా పెట్టు. డిక్కీలో బియ్యం బస్తా ఉంటే దించు. ఇంకేం మంత్రం లేదు.” ఆ రోజు నుంచి నేను ఫిర్యాదుదారుల డిక్కీలు తెరిపించడం మొదలుపెట్టాను. బియ్యం బస్తాలు, క్రికెట్ కిట్లు, ఒకాయన డిక్కీలో ఏకంగా గ్రైండరు రాళ్ళు దొరికాయి. నాకా ఉద్యోగం మీద ఇష్టం కలిగింది.

మాటలతో తేలని కేసులకు లీటరు పరీక్ష ఉండేది. కారును కాసేపు తిప్పి ఇంజను వేడెక్కాక ఆపి, ట్యాంకు పైపులు ఊడదీసి, గీతలున్న ఒక డబ్బాలో కచ్చితంగా లీటరు డీజిల్ పోసి దానికి తగిలించేవారు. ఆ లీటరు అయిపోయి ఇంజను తనంతట తానే ఆగిపోయేదాకా నడిపి, ఎన్ని కిలోమీటర్లు వచ్చిందో కస్టమర్‌కు చూపించేవారు. నడిపేది దేవసహాయం గారు. ఆయన కాలి కింద పదిహేడుకు తగ్గిన కారు నేను చూడలేదు. డబ్బా విప్పి చేతులు తుడుచుకుంటూ ఎప్పుడూ ఒకే మాట అనేవారు. “బండి బాగుంది. తేడా బండి బయట ఉంది.”

వసంత గారు ఫిజియోథెరపీ డాక్టరు. పక్షవాతం వచ్చినవాళ్ళకూ తుంటి విరిగినవాళ్ళకూ ఇళ్ళకే వెళ్ళి కాళ్ళూ చేతులూ ఆడించి వచ్చేవారు. మారేడుపల్లిలో ఒకిల్లు, తార్నాకలో రెండు, బోయిన్‌పల్లిలో ఒకటి, అలా రోజుకు పది ఇళ్ళు. అన్నీ కలిపినా నలభై కిలోమీటర్లు దాటవు. ఆవిడ టర్బో సెడాను లీటరుకు పది ఇస్తోందని వచ్చారు. కారు నడిపేది యాదగిరి. నలభై దాటిన మనిషి, ఖాకీ చొక్కాకు మెడ దాకా గుండీలు పెట్టుకుని, మాట్లాడమంటే తప్ప మాట్లాడేవాడు కాదు. దేవసహాయం గారు లీటరు పరీక్ష చేశారు. పద్దెనిమిది వచ్చింది.

“మరి మిగతా డీజిల్ ఎక్కడికి పోతోంది సార్?” అన్నారు వసంత గారు.

“బండి బాగుందమ్మా. తేడా బండి బయట ఉంది.”

ఆవిడ తల తిప్పి యాదగిరిని చూశారు. మెకానిక్కులు చూశారు. నేనూ చూశాను. అతను చేతిలోని గుడ్డను మడతపెడుతూ నేల చూశాడు. ఇప్పుడు చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది కానీ, ఆ క్షణంలో నా కంటికి అతను అచ్చం దొంగలాగే కనిపించాడు. తప్పు చెయ్యనివాడైతే తల దించుకోవడమెందుకు అనుకున్నాను.

రెండు రోజుల తరవాత దేవసహాయం గారు టెస్టుకు వెళ్ళిన సమయంలో ఫోన్ మోగింది. వసంత గారే. “సార్ లేరా? చిన్న డౌట్. టర్బో బండి స్టార్ట్ చేశాక ఐదు నిమిషాలు, ఆపేముందు ఐదు నిమిషాలు ఇంజన్ అట్లానే ఆన్‌లో ఉంచాలా?” అని అడిగారు. నేను రెండు నెలల అనుభవజ్ఞురాలిని. కంపెనీ ఇచ్చిన పుస్తకం నా బల్ల మీదే ఉంది, అందులో ఆ పేజీ నాకు కంఠతా వచ్చు. “అర నిమిషం చాలు మేడం. పుస్తకంలోనే ఉంది. ఐదు నిమిషాలని మా షెడ్డులో ఎవరూ చెప్పరు” అన్నాను. “ఆర్ యూ షూర్?” అన్నారు. “పక్కా మేడం” అన్నాను. “థాంక్స్ అమ్మా, ఇంక నాకు అర్థమైపోయింది” అని పెట్టేశారు. ఏం అర్థమైందని నేను అడగలేదు. దేవసహాయం గారు రాగానే, “డాక్టరమ్మ మైలేజీ డౌట్ అడిగారండీ, నేనే చెప్పేశాను” అన్నాను గొప్పగా. ఆయన “శభాష్” అని లోపలికి వెళ్ళిపోయారు.

నెల తరవాత వసంత గారు బాదుషాల డబ్బా పట్టుకుని వచ్చారు. యాదగిరిని తీసేశారట. కొత్త డ్రైవరు వచ్చాక బండి పదిహేను ఇస్తోందట. “మీ టెస్ట్ లేకపోతే నాకు తెలిసేదే కాదు సార్. ఇంట్లో మనిషిలా చూశాను అతన్ని” అన్నారు, కళ్ళలో నీళ్ళు తిరుగుతుండగా. ఆవిడది అబద్ధపు బాధ కాదు. దేవసహాయం గారు “అయ్యో” అన్నారు, బాదుషా ముట్టుకోలేదు. నేను మాత్రం రెండు బాదుషాలు తిన్నాను. మనవల్ల ఒక దొంగ బయటపడ్డాడని ఇంటికెళ్ళి అమ్మకు కూడా చెప్పాను.

ఆ తరవాత వచ్చిన ఒక ఆదివారం దేవసహాయం గారిని వాళ్ళ చర్చి పెద్ద ఆనందరావు మాస్టారు ఆపి, “మీ మాట మీద కొన్న బండండీ, తొమ్మిదికి మించట్లేదు” అన్నారట. ఆయన రిటైరైన హెడ్మాస్టరు, కారు తనే నడుపుకుంటారు. తాళం ఇంకొకరి చేతికి ఇవ్వరు. సోమవారం దేవసహాయం గారు నాతో ఆ సంగతి చెబుతూ నుదురు రుద్దుకున్నారు. “దొంగతనం చెయ్యడానికి అక్కడ ఎవరూ లేరమ్మా. బండి బయట తేడా ఎక్కడుంటుంది?” లీటరు పరీక్ష చేశారు. మళ్ళీ పద్దెనిమిది. ఈసారి ఆయన డబ్బా విప్పి ఆ మాట అనలేదు. “రేపు మీతో రోజంతా తిరుగుతామండీ. ఇది వెనక సీట్లో కూర్చుని రాసుకుంటుంది” అన్నారు నన్ను చూపించి.

మంగళవారం మాస్టారి దినచర్య జబ్బుపడిన సంఘస్తుల ఇళ్ళకు వెళ్ళి పలకరించడం. మొదటి ఇల్లు మెట్టుగూడలో. మాస్టారు కారెక్కి తాళం తిప్పారు, ఇంజను అందుకుంది, ఏసీ చల్లగా వచ్చింది. బండి కదల్లేదు. ఆయన చేతులు స్టీరింగు మీద పెట్టి కళ్ళు మూసుకున్నారు. నేను వాచీ చూశాను. ఐదు నిమిషాల తరవాత కళ్ళు తెరిచి గేరు వేశారు. మెట్టుగూడలో ఆ ఇంటి ముందు ఆపారు. మళ్ళీ ఇంజను ఆపకుండా, మళ్ళీ కళ్ళు మూసుకుని, మళ్ళీ ఐదు నిమిషాలు. నా చేతిలో పెన్ను ఆగిపోయింది.

“మాస్టారూ, ఇలా ఎందుకు కూర్చుంటున్నారు?” అన్నారు దేవసహాయం గారు. ఆయన గొంతు అప్పటికే మారిపోయింది.

“మీరే కదండీ చెప్పారు. బండి ఇచ్చినరోజు నా చెయ్యి బానెట్ మీద పెట్టించి మాట తీసుకున్నారు కదా, స్టార్ట్ చేశాక ఐదు నిమిషాలు కదపనని, ఆపేముందు ఐదు నిమిషాలు టర్బో చల్లబడనిస్తానని. ఊరికే కూర్చోవడమెందుకని ఆ ఐదు నిమిషాలూ ఆ ఇంటివాళ్ళ కోసం ప్రార్థన చేసుకుంటున్నా.”

దేవసహాయం గారు తలుపు తీసుకుని దిగారు. రెండడుగులు వేసి ఎవరిదో ప్రహరీ గోడ పట్టుకున్నారు. నేను పరుగెత్తి వెళ్ళాను, గుండెనొప్పేమోనని నాకు భయమేసింది. ఆయన నన్ను చూడకుండానే మాట్లాడుతున్నారు. రైలింజను టర్బో మనిషంత ఉంటుందట. వేడిమీద ఇంజను ఆపేస్తే నూనె అందక దాని బేరింగులు మాడిపోతాయట. అలా మాడినవాటిని ఎన్నిటినో విప్పిన చేతులట అవి. “అదే చెప్పాను అందరికీ. పిడికిలంత టర్బోకి అదే చెప్పాను. పుస్తకం తెరవలేదు. ముప్పై ఏళ్ళు చేశాను కదా, పుస్తకమెందుకనుకున్నాను.” ఆ తరవాత, “లీటరు డబ్బా మనం వేడెక్కాకే కదా తగిలించేది? ఆఖర్న ఇంజను తనే ఆగిపోతుంది కదా?” అన్నారు. అవునన్నాను. “నిలబడ్డ బండిని మనమెప్పుడూ కొలవలేదమ్మాయ్.”

ఆ మాటతో నాకు ఆ ఫోన్ గుర్తొచ్చింది. ఐదు నిమిషాలు. వసంత గారు ఫోన్లో అడిగింది అదే. ఐదు నిమిషాలని మా షెడ్డులో ఎవరూ చెప్పరని బల్లగుద్ది చెప్పింది నేనే. కార్లు అప్పగించేది ముందున్న షోరూములో, ముహూర్తం చూసుకుని పొద్దున్నే. ఆ వేళకు నేను వెనక ఫోన్ దగ్గర ఉండేదాన్ని. అందుకే దేవసహాయం గారు చేయించే ప్రమాణం సంగతి నాకు ఆ క్షణం దాకా తెలియదు. ఫోన్ సంగతి ఆయనతో అక్కడే చెప్పాల్సింది. చెప్పకుండా కారెక్కి మళ్ళీ పెన్ను పట్టుకున్నాను. మర్నాడు పొద్దున షెడ్డులో ఆయన లీటరు డబ్బా తగిలించి, ఏసీ వేసి, కారును అంగుళం కదపకుండా నిలబెట్టారు. గంట తిరక్కుండానే డబ్బా ఖాళీ అయింది. వసంత గారి బండికి రోజుకు పది ఇళ్ళు, ఇంటికి పది నిమిషాలు. నలభై కిలోమీటర్లు తిరిగే బండిలో లీటరున్నరకు పైగా ఎటూ వెళ్ళకుండానే కాలిపోయింది. వసంత గారికి అది కనపడే వీల్లేదు. ఆవిడ కారు దిగి ఇంట్లోకి వెళ్ళాక యాదగిరి ఇంజను ఆన్‌లో ఉంచేవాడు, పని అయ్యాక ఆవిడ ఇచ్చే మిస్డ్ కాల్ చూసి ముందుగానే స్టార్ట్ చేసి పెట్టేవాడు. చెప్పింది చెప్పినట్టు చేసిన మనిషిని మేము దొంగను చేశాం.

యాదగిరి ఇల్లు మల్కాజ్‌గిరిలో మా ఇంటికి మూడు వీధుల అవతలే ఉందని తెలిసినప్పుడు నాకు మరో దెబ్బ తగిలినట్టయింది. రోజూ అతని ఇంటిముందు నుంచే బస్టాపుకు నడిచేదాన్ని. సాయంత్రం మేమిద్దరం వెళ్ళేసరికి అతను గుమ్మంలోనే కూర్చుని ఉన్నాడు. చేతులకు కొత్తగా కాయలు కాసి ఉన్నాయి. దొంగ డ్రైవరన్న మాట డ్రైవర్లు పని కోసం చేరే అడ్డా అంతా పాకాక ఎవరూ బండి ఇవ్వలేదట, టెంట్ హౌస్‌లో కుర్చీలు మోస్తున్నాడు. “రాండ్రి సార్, కూసోండ్రి” అన్నాడు. అతని భార్య తలుపు దగ్గర నిలబడింది. మంచినీళ్ళు తేలేదు.

“దొంగలిండ్లకు మీరెందుకొచ్చిండ్రు సార్?” అంది ఆమె.

“నువ్వు జెర ఊకో” అన్నాడు యాదగిరి.

దేవసహాయం గారు కూర్చోలేదు. నిలబడే మొత్తం చెప్పారు. తను చెప్పింది తప్పని, లీటరు పరీక్ష తప్పని, గంటకు లీటరు పైన ఊరికే కాలిపోయిందని. యాదగిరి నోరు తెరుచుకుని విన్నాడు. “గంటకు లీటరా?” అన్నాడు. “నేనైతే మీ మాట ఇడువలే సార్. ఎండల కాళ్ళు కాలుతున్నా బండి బందు చెయ్యలే, లోపల కూసుంటే నిద్రొస్తదని బయటనే నిలవడ్డ.” తరవాత గొంతు తగ్గించాడు. “గా దినం అమ్మకు అన్నీ చెప్పిన సార్. బండి తెచ్చుకోను నేనొక్కన్నే పోయిన్నాడు సార్ చెయ్యి పెట్టిచ్చి మాట తీసుకుండు, గందుకే నడుపుతున్న అని. అమ్మ సుత మంచిదే, నమ్ముదామనే చూసింది. కింద పార్కింగ్ల అందరి ముంగట మీ ఆఫీసుకు ఫోన్ జేసి స్పీకర్ల పెట్టింది. ఎవరో ఆడపిల్ల ఎత్తింది. గట్ల మా దగ్గర ఎవ్వరు చెప్పరు, పక్కా అన్నది. ఇగ నేనేం మాట్లాడాలె?”

దేవసహాయం గారు నెమ్మదిగా నావైపు తిరిగారు. నా గొంతును ఒక సెల్లార్లో ఇరవైమంది విన్నారు. నా గొంతు విన్నాకే ఈ మనిషి బతుకు కూలింది.

“ఆ ఫోన్ ఎత్తింది నేనే” అన్నాను.

యాదగిరి తలెత్తి నన్ను చూశాడు. “అవు మేడం. గదే గొంతు” అన్నాడు. తిట్టలేదు. తిడితే బాగుండేదని ఇప్పటికీ అనుకుంటాను. దేవసహాయం గారు, “ఆ అమ్మాయి పుస్తకంలో ఉన్నదే చెప్పింది యాదగిరీ. పుస్తకం చదవనివాణ్ణి నేను” అన్నారు. బయటికొచ్చి రైల్వే గేటు దాకా ఇద్దరం నడిచాం. నేను ఏడుస్తున్నాను. గేటు వేసి ఉంది, రైలు వెళ్తోంది. ఆ చప్పుడు తగ్గాక ఆయన అన్నారు. “నువ్వు చెప్పింది నిజమేనమ్మా. కానీ ఎందుకడుగుతున్నారని ఒక్క మాట అడిగుంటే సరిపోయేది. నేనూ అంతే. ఏం చెప్పావని నిన్ను అడగలేదు. ఇద్దరం మనకు తెలిసినదాన్ని చూసి మురిసిపోయాం.” అక్కడ నన్ను ఓదార్చడానికి ఆయన ఏమీ ప్రయత్నించలేదు.

రైల్వేలో తప్పు జరిగితే ఎవరి స్టేట్‌మెంటు వాళ్ళు చేత్తో రాసి సంతకం పెట్టాలట. ఆయన తెల్లకాగితం మీద రాశారు. నా స్టేట్‌మెంటు నన్ను రాయమన్నారు. క్షమాపణ ఉత్తరంలా రాస్తే చింపేసి, “జరిగింది రాయి. ఏడుపు వద్దు” అన్నారు. యాదగిరిని వెంటబెట్టుకుని వసంత గారి అపార్ట్‌మెంటు సెల్లార్‌కు వెళ్ళి, ఆవేళ ఫోన్ విన్న డ్రైవర్లూ వాచ్‌మనూ అందరూ ఉన్నారని చూసుకున్నాకే చదవడం మొదలుపెట్టారు. ఎవరి ముందు ఆ మాట పడిందో వాళ్ళ ముందే దాన్ని తియ్యాలని ఆయన పట్టుదల. “యాదగిరి డీజిల్ తియ్యలేదు. నేను చెప్పినట్టు ఇంజను నడిపించాడు. నేను చెప్పింది తప్పు.” ఆయన తరవాత నేను నాది చదివాను. వసంత గారు రెండు చేతులతో మొహం కప్పుకున్నారు.

“యాదగిరీ, సారీ. రేపే వచ్చెయ్యి. ప్లీజ్” అన్నారు ఆవిడ.

“వద్దు మేడం” అన్నాడు యాదగిరి. “మీరు మంచోళ్ళే. కానీ రేపు ఇంకోటేదన్న తక్కువ పడితే మళ్ళ నా దిక్కే చూస్తరు. నేను సుత మీ మొఖం దిక్కే చూసుకుంట నడపాలె. గట్ల నడపరాదు.” దేవసహాయం గారి స్టేట్‌మెంటు అడిగి తీసుకుని, మడిచి జేబులో పెట్టుకుని వెళ్ళిపోయాడు. అడ్డాలో అది అందరికీ చూపించాడని తరవాత తెలిసింది. కొన్నాళ్ళకు ఒక స్కూలు బస్సులో పని దొరికింది.

అక్కడితో అయిపోయిందనుకున్నాను. దేవసహాయం గారు మర్నాడు పొద్దున్నే తను ప్రమాణం చేయించి అప్పగించిన టర్బో కార్ల పేర్లన్నీ నా బల్ల మీద పెట్టారు. మూడు పేజీలు. ఒక్కొక్కరికీ ఫోన్ చెయ్యమన్నారు. అర నిమిషం చాలని చెప్పాలి, నడిపేది ఎవరో అడగాలి. నేను చేశాను. చాలామంది నవ్వారు. “ఐదు నిమిషాలు ఎవడు ఆగుతాడమ్మా, మేము ఎప్పుడో మర్చిపోయాం” అన్నారు. పట్టించుకోనివాళ్ళ బండ్లు బాగా నడుస్తున్నాయి. రెండో పేజీ మధ్యలో ఒకాయన, “మా డ్రైవర్ని అప్పుడే తీసేశాం కదా, డీజిల్ కొట్టేస్తున్నాడని” అన్నారు. ఆయన పేరు కింద గీత గీసుకున్నాను. మూడో పేజీ అయ్యేసరికి అలాంటివాళ్ళు యాదగిరి కాక ముగ్గురు తేలారు. ముగ్గురూ ఆయన మాటను అక్షరాలా పాటించినవాళ్ళే. దేవసహాయం గారికి చెబితే ఆ మూడు పేజీలూ తీసుకుని మొదటినుంచి చూశారు. “విననివాళ్ళు బతికిపోయారు” అన్నారు. ఆయన కళ్ళ వెంట నీళ్ళు రావడం నేను చూసింది అప్పుడే.

ఇద్దరిని వెతికి పట్టుకున్నాం. ఒకతను ఆటో నడుపుకుంటున్నాడు, కాగితం తీసుకుని మా ముందే ఇంటికి ఫోన్ చేసి చదివాడు. ఇంకొకతను ఊరికి వెళ్ళిపోయాడు, దేవసహాయం గారు బస్సెక్కి వెళ్ళి ఇచ్చి వచ్చారు. మూడోవాడు సైనిక్‌పురిలో ఒకరి ఇంట్లో ఎనిమిది నెలలు పనిచేశాడు. ఆ ఇంటికి మేమిద్దరం వెళ్ళాం. ఆ ఇంటాయన పెద్దమనిషి, కాఫీ ఇచ్చారు. డ్రైవర్ పేరేమిటని అడిగితే భార్య మొహం చూశారు. ఆవిడ పిల్లల్ని పిలిచి అడిగారు. ఆ ఇంట్లో నలుగురున్నారు, ఎనిమిది నెలలు రోజూ అతని వెనక కూర్చుని తిరిగారు. ఒక్కరికీ పేరు తెలియదు.

“డ్రైవర్ అనే పిలిచేవాళ్ళమండీ” అన్నారు ఆయన.

దేవసహాయం గారు ఆ తరవాత ఆరేళ్ళు బతికారు. ఆదివారం చర్చి అయ్యాక ఏదో ఒక డ్రైవర్ల అడ్డాకు వెళ్ళి ఆ మూడోవాడి గురించి అడిగేవారు. మోకాళ్ళు పనిచెయ్యని రోజుల్లో నన్ను పంపించేవారు. చివరి వారం నేను లాలాగూడ వెళ్ళినప్పుడు తలగడ కింద నుంచి ఒక కాగితం తీసి ఇచ్చారు. అదే స్టేట్‌మెంటు, అదే చేతిరాత, కింద సంతకం. పేరుండాల్సిన చోట ఖాళీ వదిలారు. “దొరికితే అడిగి రాయి” అన్నారు. దొరుకుతాడని నేను మాట ఇవ్వలేదు, ఆయనా ఇమ్మనలేదు.

ఆ కాగితం ఇప్పటికీ నా హ్యాండ్‌బ్యాగులోనే ఉంటుంది, మడతల దగ్గర చిరిగితే వెనక టేపు అంటించాను. నేనిప్పుడు ఇంకో సర్వీసు కేంద్రంలో మేనేజరును. మైలేజీ ఫిర్యాదు వస్తే ముందు డ్రైవర్ని నా గదిలోకి పిలిచి, కుర్చీ చూపించి, పేరడుగుతాను. యాభై దాటినవాడైతే ఇంకో ప్రశ్న కూడా అడుగుతాను, ఎప్పుడైనా సైనిక్‌పురిలో పనిచేశారా అని. చాలామంది లేదంటారు. కొందరు చేతులు కట్టుకుని, తలుపు వైపు ఒకసారి చూసి, “ఎందుకు మేడం, ఏమన్న పోయిందా?” అంటారు.